అవతలి కొస

బిగిసి ఉన్న తాడు ఏది కనిపించినా ఆమె దాని మీద రెండు వేళ్ళు వేసి ఒక్క క్షణం ఆగుతుంది. బట్టలారేసే తీగ, కిటికీ తెరకు కట్టిన దారం, మనవరాలి ఊయల తాడు, చివరికి బజారు నుంచి బరువుతో వచ్చిన సంచి పిడి కూడా. చూపుడు వేలు, మధ్య వేలు. నాడి చూస్తున్నట్టు ఉంటుంది. కళ్ళు మాత్రం ఎక్కడో దూరంగా ఉంటాయి. తరవాత చెయ్యి తీసేసి, ఏమీ జరగనట్టు తన పని చూసుకుంటుంది.

"ఏమంటోంది? బతుకుతుందా?" అని వీధిలోవాళ్ళు నవ్వేవాళ్ళు. ఆమె కూడా నవ్వేది. అలవాటు మాత్రం మానలేదు.

అందరూ ఆమెను చక్రమ్మ అంటారు. కాపురానికి వచ్చిన ఇల్లు రెండు గదులది. దాని వెనక రేకుల కప్పుతో సన్నటి పొడవాటి పాక. ఇల్లు చారెడు, పాక చేంతాడంత. ఇవతలి కొసన చక్రం, అవతలి కొసన ఇటుక గోడ. మధ్యలో ఏమీ లేదు. మామగారి పాదాలు, ఆయన తండ్రి పాదాలు తొక్కి తొక్కి చేసిన గాడి ఒకటి నేల మీద ఉంది.

భర్త తాళ్ళు పేనేవాడు. నడుముకు నార చుట్టుకుంటాడు. కొస తీసి చక్రం కొక్కేనికి తగిలిస్తాడు. ఆమె చక్రం తిప్పుతుంది. ఆయన నార వదులుతూ వెనక్కి నడుస్తాడు, గోడ దాకా. ఇద్దరి మధ్యా నార పురి ఎక్కి పోగవుతుంది. పోగులు కలిస్తే పాయ, మూడు పాయలు కలిస్తే తాడు. ఆయన్ని వీధి వీధంతా తాళ్ళాయన అంటుంది.

"మగాడన్నవాడు వెనకడుగు వెయ్యకూడదంటారు. నేను పొద్దస్తమానం వేసేది అదే. అయినా నన్ను ఓడించినవాడు లేడు" అనేవాడు ఆయన, వచ్చిన ప్రతివాడితోనూ.

"ఓడించడానికి నీ దగ్గరికి ఎవరు రాగలరు? దగ్గరికొచ్చేసరికి నువ్వు వెనక్కి పోతుంటావు" అనేది ఆమె.

చక్రం చప్పుడులో మాట వినిపించదు. అంత దూరం నుంచి గొంతు చించుకున్నా ఒకటే. అందుకని పోగుతోనే మాట్లాడుకునేవాళ్ళు. ఒకసారి లాగితే నెమ్మదిగా తిప్పమని. రెండుసార్లు లాగితే ఆపమని. సన్నగా వణికిస్తే కానియ్, కానియ్ అని. కుడి చెయ్యి చక్రం పిడి మీద, ఎడమ చేతి రెండు వేళ్ళు పోగు మీద. ఇంతవరకూ అత్తగారు నేర్పింది. మిగిలినది ఎవరూ నేర్పలేదు. ఆకలేస్తే ఆయన లాగుడు ఒకలా ఉండేది, కోపం వస్తే ఇంకోలా. ఇద్దరూ మాటామాటా అనుకున్న మర్నాడు పోగు ముళ్ళకంపలా తగిలేది. కూతురికి జ్వరం విడిచిన రోజున ఆయన గోడ దగ్గర నిలబడి, పనేమీ లేకపోయినా, ఊరికే పోగును వణికించాడు. ఆమె ఇవతల చక్రం పిడి పట్టుకుని ఏడ్చింది.

అలా జరిగిపోయింది చాలాకాలం. తరవాత ఊరి చివర ప్లాస్టిక్ తాళ్ళ ఫ్యాక్టరీ వచ్చింది.

మొదట లారీలవాళ్ళు మానేశారు. తరవాత ఇళ్ళు కట్టే మేస్త్రీలు, తరవాత పశువులున్నవాళ్ళు. చివరికి పక్కింటావిడ కూడా బట్టలకు నీలం రంగు తాడు కట్టుకుంది. కట్టుకుని మొహమాటపడింది. "ఇది ఎండకు చివకదట" అని గోడ మీంచి అంది. చక్రమ్మ చెయ్యి చాచి ఆ తాడు మీద రెండు వేళ్ళు వేసింది. "నున్నగా ఉంది" అంది.

పాకలో నార కట్టలు అలాగే ఉన్నాయి. తాళ్ళాయన రోజూ పొద్దున్నే పాక ఊడ్చేవాడు. ఊడ్చిన చోటే మళ్ళీ ఊడ్చేవాడు. ఇల్లు మాత్రం ఊడిస్తే గడవదు కదా.

ఆయన చెల్లెలు ఆ ఫ్యాక్టరీలోనే పని చేస్తోంది. నోరు పెద్దది, మనసు చెడ్డది కాదు. ఒక సాయంత్రం వచ్చి గుమ్మంలో చెప్పులు విడుస్తూనే మొదలుపెట్టింది.

"వదినా, నువ్విక్కడ చక్రం తిప్పుతూనే ఉన్నావు, అక్కడ లోకం తిరిగిపోయింది. ఆడవాళ్ళను తీసుకుంటున్నారు. కూర్చుని చేసే పని. పైన ఫ్యాను కూడా ఉంటుంది."

"మీ అన్నయ్యకి చక్రం ఎవరు తిప్పుతారు?"

"తిప్పడానికి పనేదీ? ఏమన్నయ్యా, పనుందా?"

తాళ్ళాయన చీపురు పక్కన పెట్టాడు. "తాడో పేడో తేల్చుకోమంటున్నావు" అన్నాడు. నవ్వించాలని చూశాడు. ఎవరూ నవ్వలేదు. చీపురు మళ్ళీ తీసుకుని, "వెళ్ళనీ" అన్నాడు.

ఆమె వెళ్ళింది.

ఈ సంగతి ఆమె ఎవరికీ చెప్పుకోలేదు కానీ, మొదటి రోజు ఫ్యాక్టరీ ఆమెకు నచ్చింది. వీపు ఆనించుకోవడానికి వీలున్న కుర్చీ ఇచ్చారు. ఎదురుగా యంత్రం. నీలం పోగులు ఎక్కడినుంచో వచ్చి, ఇనుప వేళ్ళ మధ్య మెలిపడి, తాడై అవతల ఒక పెద్ద ఉక్కు డ్రమ్ముకు చుట్టుకునేవి. కండె ఖాళీ అయితే కొత్తది పెట్టాలి. పోగు తెగితే ఎర్ర మీట నొక్కాలి. అంతే. టీ వేళకు ఆడవాళ్ళంతా ఒకచోట చేరి మొగుళ్ళను, సూపర్‌వైజర్ని, ఒకళ్ళనొకళ్ళు ఆడిపోసుకునేవాళ్ళు. వాళ్ళతో కలిసి ఆమె కడుపు నొప్పెట్టేలా నవ్వింది. సాయంత్రం ఇంటికి నడుస్తుంటే ఒకటి తోచింది. ఆ రోజంతా తనను ఎవరూ లాగలేదు. పెళ్ళయ్యాక అలాంటి రోజు అదే మొదటిది. భుజాలు తేలిగ్గా ఉన్నాయి. ఆ తేలికకు కొంచెం సిగ్గుపడింది కూడా.

ఇంటి దగ్గర తాళ్ళాయన ఒంటరిగా చక్రానికీ గోడకూ మధ్య తిరుగుతున్నాడు. అది చూసి అల్లుడు ఊరుకోలేకపోయాడు. అల్లుడు మోటార్లు బాగుచేస్తాడు. ఎవరో పారేసిన పాత మోటారు ఒకటి తెచ్చి, బెల్టు వేసి, చక్రానికి బిగించాడు. స్విచ్చు ఇవతలి కొసన ఉంది. దానికి ఒక సన్నటి తాడు కట్టి, గోడ వెంట మేకులకు తగిలించి, అవతలి కొస దాకా తీసుకెళ్ళాడు.

"మామయ్యా, చూడండి. ఆపాలనుకుంటే ఈ తాడు లాగండి. కట్టేసినట్టు ఆగిపోతుంది."

"ఎక్కడున్నా?"

"ఎక్కడున్నా. మీ కుడి చేతి పక్కనే ఉంటుంది."

"సరే. మీ అత్తయ్యకి ఇలాంటి తాడు కట్టి ఉంటే నాకు ఎప్పుడో సుఖంగా ఉండేది" అన్నాడు తాళ్ళాయన. మోటారు వేసి చూశాడు. చక్రం గిర్రున తిరిగింది. వగర్చలేదు, విసుక్కోలేదు. ఆయనకు ముచ్చటేసింది.

ఆ ముచ్చట తీరకముందే పడవవాడు వచ్చాడు. ఏటికి అడ్డంగా కట్టిన మోకు పట్టుకుని లాగుతూ మనుషుల్ని దాటిస్తుంటాడు. అరచేతులు చాపి చూపించాడు. ఎర్రగా గీతలు పడి ఉన్నాయి.

"ఆ ప్లాస్టిక్ మోకు కోసేస్తోంది. తడిస్తే జారుతుంది. నాకు నార మోకు కావాలి. వానలు పడి ఏరు పొంగేలోపు ఇవ్వాలి. బాగుంటే రేవులో మిగతా పడవలవాళ్ళు కూడా నీ దగ్గరికే వస్తారు. బాగోలేదంటే నేను కూడా వాళ్ళలాగే చేతులకు గుడ్డ చుట్టుకుని లాగుతా, ఏం చేస్తాం." చుట్టూ చూసి, "మీ ఆవిడేది, చక్రం దగ్గర లేదే?" అన్నాడు.

"ఆవిడ పెద్ద ఉద్యోగంలో ఉంది. ఆవిడ బదులు కరెంటు పెట్టుకున్నా."

"మరి కరెంటు పోతే?"

"ఆవిడ అలిగినప్పుడు పోయేది కాదూ? అదే లెక్క."

పడవవాడు నవ్వుతూ వెళ్ళిపోయాడు. ఆ మోకు నిలబడితే పాక నిలబడుతుంది. లేకపోతే తలుపుకు గొళ్ళెం పెట్టెయ్యడమే. ఇది ఆయన నోటితో అనలేదు. ఆమె అడగలేదు. ఇద్దరికీ తెలుసు.

ఆయన పోగులు తీస్తున్నాడు. రోజూ సాయంత్రం ఆమె ఫ్యాక్టరీ నుంచి వచ్చి పాకలోకి తొంగిచూసి, మేకుకు వేలాడుతున్న పోగులు చూసేది. ముట్టుకునేది కాదు. "ఎలా ఉంది?" అంటే "బానే ఉంది" అనేవాడు. "నీ ఫ్యాక్టరీ?" అంటే "బానే ఉంది" అనేది. ఇదివరకు రోజంతా ఒక్క మాట లేకుండా ఎన్నో చెప్పుకున్నవాళ్ళు, ఇప్పుడు ఎదురెదురుగా కూర్చుని బానే ఉంది, బానే ఉంది అనుకున్నారు.

మొదటి రోజు నచ్చిన కుర్చీ తరవాత్తరవాత ముళ్ళ మీద కూర్చోబెట్టినట్టు తయారైంది. ఫ్యాను గాలి చల్లగానే ఉంది. ఆడవాళ్ళు నవ్విస్తూనే ఉన్నారు. కానీ ఎడమ చెయ్యి ఒడిలో ఉండనంటుంది. కుర్చీ అంచు గోకుతుంది. జేబురుమాలు మెలిపెడుతుంది. ఇంట్లో కాలుగాలిన పిల్లిలా గదికీ గదికీ తిరిగేది. కడిగిన గిన్నెలే మళ్ళీ కడిగేది. కూతురు చూసి, "అమ్మా, కాస్త కూర్చోవే, నిన్ను చూస్తే నాకు కళ్ళు తిరుగుతున్నాయి" అంది.

"కూర్చునే వచ్చానే, రోజంతా" అంది ఆమె.

ఒక రోజు మధ్యాహ్నం, టీ వేళ అయ్యాక, ఆమె ఎడమ చెయ్యి తనంత తాను లేచింది. కదులుతున్న నీలం తాడు మీద రెండు వేళ్ళు వేసింది. గోడ మీద పెద్ద అక్షరాలతో ముట్టుకోరాదని రాసి ఉంది. తాడు నున్నగా, వెచ్చగా జారిపోతోంది. అందులో ఏమీ లేదు. ఆమె చెయ్యి తియ్యలేదు. కాసేపటికి వేళ్ళకు తగిలింది. ఒకటి. రెండు.

ఆమె ఎర్ర మీట నొక్కింది.

ఆ యంత్రం ఆగింది. దాని పక్కది, ఆ పక్కది, వరుస మొత్తం ఆగిపోయింది. అంత పెద్ద గదిలో అంత నిశ్శబ్దం ఎవరూ ఎరగరు. కుర్రసూపర్‌వైజరు పరుగెత్తుకొచ్చాడు.

"ఏమైందమ్మా? పోగు తెగిందా?"

"లేదు. ఆపమన్నారు."

"ఎవరు?"

ఆమె అవతలి కొస వైపు చూసింది. అక్కడ ఉక్కు డ్రమ్ము ఉంది. దాని వెనక గోడకు ఆరిపోయిన బల్బు ఒకటి ఉంది.

ఒకరు కిసుక్కుమన్నారు. తరవాత అందరూ. ఆడపడుచు మాత్రం నవ్వలేదు. సూపర్‌వైజరు యంత్రం అంతా వెతికాడు, తప్పేమీ దొరకలేదు. డ్రమ్ము మీద చుట్టు మారినప్పుడల్లా తాడు కాస్త అదురుతుందని, అది మామూలేనని చెప్పాడు. మంచివాడే. విసుక్కోలేదు. "ఈ పూటకు ఇంటికెళ్ళి పడుకోండి. ముందే అనుకున్నట్టు రేపటినుంచి మీకు పర్మనెంటు పొద్దుటి షిఫ్టు రాయిస్తున్నా. రేపు రాకపోతే ఆ కుర్చీ ఇంకొకరికి ఇవ్వాల్సొస్తుంది. వచ్చేటప్పుడు చేతులు ఇక్కడ పెట్టుకుని రండి" అని తన ఒడి చూపించాడు.

ఆమె ఎండలో ఇంటికి నడిచింది. చెవులు వేడెక్కాయి. ఎండకు కాదు. తనకు తగిలింది నిజంగానే తగిలింది. అయినా అవతల ఎవరూ లేరు. రెండూ నిజమే ఎలా అవుతాయో ఎంత నడిచినా తెగలేదు.

ఇంట్లోకి అడుగు పెట్టేసరికి పాకలోంచి మోటారు రొద వినిపించింది. దాని మీంచి భర్త గొంతు. ఎవరినో తిడుతున్నాడు.

"ఒసేయ్, చెవుడా? ఎన్నిసార్లే? ఆపవే!"

పాక గుమ్మంలో నిలబడి చూసింది. తాళ్ళాయన గోడ దగ్గర ఉన్నాడు. పోగు అయిపోయింది. రెండు చేతులా దాన్ని పట్టుకుని రెండుసార్లు లాగాడు. ఆగి చూశాడు. మళ్ళీ రెండుసార్లు. అల్లుడు కట్టిన తాడు కుడి చేతి పక్కనే, మేకుకు వేలాడుతోంది. ఆయన అటు చూడనే లేదు. ఆయన చేతికి అవతలి మనిషిని పిలిచే దారి ఒక్కటే తెలుసు. చెవిటివాడి ముందు శంఖం ఊదినట్టు మోటారు తనపాటికి తను తిప్పుతోంది.

ఆమెకు నవ్వొచ్చింది. అది సగంలోనే ఆగింది. పురి ఎక్కినకొద్దీ పోగు కురచవుతుంది. గోడ దగ్గర మనిషి ఒక అడుగు ముందుకు వచ్చాడు. ఇంకో అడుగు. చేతిలో పోగు ఉండగా ఆయన ముందుకు నడవడం ఆమె జీవితంలో చూడలేదు. పోగు మధ్యలో మెలికపడి పాములా లేచింది. ఆ మెలిక కొసకు పాకి ఆయన కుడి చేతి వేళ్ళను చుట్టేసింది.

"ఆ తాడయ్యా! పక్కన! ఆ తాడు లాగు!"

ఆయనకు వినిపించలేదు. ఆమె చక్రం దగ్గరకు ఉరికింది. స్విచ్చు ఎటు నొక్కాలో తెలియక ఇటూ అటూ కొట్టింది. ఏదో ఒకటి తగిలింది. ఆగింది.

వేళ్ళ మీద తోలు లేచిపోయింది. బొటనవేలు బెణికి ఉబ్బింది. ఎముక విరగలేదని కట్టు కట్టిన నర్సు చెప్పింది. కొన్నాళ్ళు ఆ చేత్తో ఏమీ పట్టకూడదంది.

సాయంత్రానికి కూతురు, అల్లుడు, ఆడపడుచు అందరూ ముందు గదిలో చేరారు. అల్లుడు ముఖం మాడ్చుకుని ఉన్నాడు.

"మామయ్యా, తాడు లాగమని చెప్పాను కదా."

"లాగాను."

"ఆ తాడు కాదు మామయ్యా!"

"నాకు తాళ్ళ గురించి చెప్తున్నావా?"

కూతురు మొహం తిప్పుకుని నవ్వాపుకుంది. ఆడపడుచు ఊరుకోలేదు. "ఇంక చాలన్నయ్యా. పడవవాడికి కబురు పెట్టు, కాదని. వదినకి రేపు పక్కా ఉద్యోగం. ఇద్దరూ కాస్త నిమ్మళంగా ఉండండి."

"కబురు పెడదాంలే" అన్నాడు తాళ్ళాయన, కట్టు వైపు చూసుకుంటూ. ఆ గొంతు ఆమెకు తెలియదు. పోగు మీద అలాంటిది ఎప్పుడూ రాలేదు.

"మోటారు విప్పేస్తాను" అన్నాడు అల్లుడు.

"ఉండనీ, దాని తప్పేముంది?" అంది చక్రమ్మ. తరవాత ఆడపడుచు వైపు తిరిగింది. "అమ్మాయీ, రెండో షిఫ్టు మధ్యాహ్నం ఎన్నింటికి మొదలవుతుంది?"

"భోజనాలయ్యాక. దానికేం? అదెవరూ చెయ్యరు వదినా, ఓడలకు కట్టే లావుపాటి తాళ్ళ పని. కుర్చీ ఉండదు, పొద్దు గూకేదాకా నిలబడి తిరుగుతూ ఉండాలి."

"అదే ఇప్పించు."

"నీకేమైనా పిచ్చా? కాళ్ళు పడిపోతాయి!"

"ఇప్పటిదాకా చేతులు పడిపోయాయిగా. అవి కూడా పడిపోనీ."

ఎంత చెప్పినా చక్రమ్మ మాట మార్చలేదు. ఆడపడుచు గొణుక్కుంటూ వెళ్ళిపోయింది. ఇలాంటి మనిషిని చేసుకున్నందుకు అన్నయ్యకు బహుమతి ఇవ్వాలంది. గుమ్మం దాటాక ఆగి, "చెప్తాలే సూపర్‌వైజరుకి" అంది.

మర్నాడు తెల్లవారేసరికి తాళ్ళాయన పాకలోకి వచ్చి నిలబడిపోయాడు. చక్రం నుంచి బెల్టు తీసేసి ఉంది. ఆమె నడుముకు నార చుట్టుకుంటోంది. వదులుగా చుట్టింది. జారిపోతోంది.

"ఏం చేస్తున్నావే?"

"కూర్చో. చక్రానికి ఒక చెయ్యి చాలు."

"అది మగాళ్ళు చేసే పని."

"మగాడి చెయ్యి కట్టులో ఉంది. కూర్చో."

ఆయన ఎడమ చేత్తోనే నార మళ్ళీ చుట్టి, బిగించి, కొస లోపలికి దోపాడు. తరవాత వెళ్ళి చక్రం దగ్గర ఆమె కూర్చునే పీట మీద కూర్చున్నాడు. కూర్చోగానే పక్కకు ఒరిగాడు.

"దీనికి ఒక కాలు పొట్టి!"

"అవును."

"ఎప్పట్నుంచి?"

"నేను వచ్చినప్పట్నుంచి."

ఆయన పీట వైపు, ఆమె వైపు చూశాడు. లేచి ఒక ఇటుక ముక్క వెతికి పీట కింద పెట్టి మళ్ళీ కూర్చున్నాడు.

చక్రం తిరిగింది. ఆమె నార వదులుతూ ఒక అడుగు వెనక్కి వేసింది. వెనక ఏముందో తెలియకుండా అడుగు వెయ్యడం ఇంత భయమని ఆమె ఎప్పుడూ అనుకోలేదు. మెడ తిప్పింది. పోగు పక్కకు పోయింది.

"చూడకే! నేల చెబుతుంది!" అని అరిచాడు ఆయన.

ఆమె పాదం గాడిలోకి దిగింది. గాడి చల్లగా, లోతుగా ఉంది. అందులోనే నడిచింది. చక్రం చిన్నదవుతూ వచ్చింది, దాని పక్కన కట్టు చేత్తో కూర్చున్న మనిషీ చిన్నవాడవుతూ వచ్చాడు. తను రోజూ ఇంత చిన్నగా కనిపించేదన్నమాట ఆయనకు. వీధిలో పొద్దుటి షిఫ్టువాళ్ళను తీసుకెళ్ళే ఫ్యాక్టరీ బండి వచ్చి హారన్ కొట్టింది. ఒకసారి, ఇంకోసారి. ఆడపడుచు గొంతు ఏదో అంది. బండి వెళ్ళిపోయింది.

వీపు గోడకు తగిలింది. ఆయన చక్రం ఆపి, లేచి, పోగు వెంట నడుచుకుంటూ వచ్చాడు. ఒకచోట సన్నం, ఒకచోట లావు. ఎడమ చేత్తో తడుముతూ వచ్చాడు.

"పాము వరసగా ఎలుకల్ని మింగినట్టుంది."

"పడవవాడు అడిగితే కొత్త మనిషి తీసిందని చెప్పు."

"దీన్ని పట్టుకుంటే పడవతో సహా మునుగుతాడు. విప్పు."

ఆమె విప్పింది. మధ్యాహ్నం షిఫ్టుకు ఇంకా చాలా పొద్దుంది. నార నడుముకు మళ్ళీ చుట్టుకుని, ఈసారి తనే బిగించుకుని, కొస పట్టుకుని చక్రం వైపు నడిచింది.